ఎడమ మూల

ఆ వేసవిలో నా ముఖం తెర మీద ఎడమ వైపు అడుగు మూలలో ఉండేది. అక్కడ పెట్టింది మా అమ్మాయి. ఆ మూల చిన్న చదరంలో నేను. మిగతా తెర నిండా నేను నడుపుతున్న బస్సు, దాని ముందు దారి.

నేను బస్సు డ్రైవర్ని. పొద్దుటి షిఫ్టు ముగించుకుని మధ్యాహ్నానికి ఇల్లు చేరేవాణ్ణి. కాస్త నడుం వాల్చి లేవగానే అమ్మాయి నన్ను కంప్యూటరు ముందు కూర్చోబెట్టేది. పరీక్షలు రాసి ఫలితాల కోసం ఎదురుచూస్తున్న పిల్ల. ఏదో ఒక వ్యాపకం లేకపోతే గోళ్ళు కొరుక్కుంటూ ఇల్లంతా తిరిగేది. ఆ వ్యాపకం నేనయ్యాను. స్నేహితురాలి ఇంట్లో మూలపడి ఉన్న ప్లాస్టిక్ స్టీరింగు, రెండు పెడళ్ళు తెచ్చి బిగించింది. స్టీరింగు తీగ పొట్టిది. అందుకని తెరకు ముక్కు తగులుతుందేమో అన్నంత దగ్గరగా కూర్చోవలసి వచ్చేది. ఆటలో కూడా నాది బస్సే.

"పొద్దున్నించి తిప్పింది చాల్లేదా? ఇంటికొచ్చి మళ్ళీ బస్సేనా?" అనేది మా ఆవిడ, కుట్టుమిషను మీద నుంచి తల ఎత్తకుండానే. "ఏమండీ, ఆ బస్సులోనైనా నాకో సీటుంచండి. నిజం బస్సులో ఎప్పుడూ నిలబడే వస్తున్నాను."

"అమ్మా, మిషను ఆపు! నీ టకటక అంతా రికార్డవుతోంది," అని అరిచేది అమ్మాయి.

నేను ఆడుతున్నంతసేపూ తెర మీద జరిగేదాన్ని ఉన్నదున్నట్టు వీడియోగా పట్టే సాఫ్ట్‌వేరు ఒకటి కంప్యూటర్లో పెట్టింది. మైకు నా గొంతు పట్టేది. తెర పైనున్న చిన్న కెమెరా నా ముఖం పట్టేది. ఆ ముఖాన్ని రికార్డింగులో ఒక మూల అతికించేది ఆ సాఫ్ట్‌వేరే. ఆడేటప్పుడు నాకు ఆ చదరం కనిపించదు. నా ముందు ఆట తెర పూర్తిగా తెరిచే ఉంటుంది. తరవాత వీడియో చూసేవాళ్ళకు మాత్రమే నా ముఖం ఆ మూలను కప్పుతుంది. ఈ తేడా అప్పుడు నాకు ఏ ప్రాముఖ్యమూ లేనిదిగా తోచింది. ఆ తరవాత దాని గురించి ఆలోచించినంతగా నేను మరి దేని గురించీ ఆలోచించలేదు.

ఆ వీడియోల్ని అమ్మాయి ఇంటర్నెట్టులో పెట్టేది, చూసేవాళ్ళూ ఉండేవారు. ఎందుకు చూసేవారో మొదట నాకు అర్థం కాలేదు. ఆ ఆటలో అందరూ బస్సును గాలిలోకి ఎగరేస్తారట, దుకాణాల్లోకి దూరుస్తారట. నేను మాత్రం ఖాళీ రోడ్డు మీద కూడా ఎర్ర దీపం దగ్గర ఆగేవాణ్ణి. మలుపు వస్తే ముందే సూచిక వేసేవాణ్ణి. బొమ్మ మనుషులు రోడ్డు దాటుతుంటే హారను కొట్టకుండా కూర్చునేవాణ్ణి. నాకు సిగ్నల్ బాబాయ్ అని పేరు పెట్టారు. అప్పుడప్పుడూ ఎడమ వైపు నుంచి 'ధబ్' మని ఒక చప్పుడు వచ్చేది, నా మార్కులు కొన్ని పోయేవి. రోడ్డు అంచు రాయి తగిలిందేమో అనుకునేవాణ్ణి. "నా తప్పేముందయ్యా?" అని తెరను అడిగేవాణ్ణి. జనం ఆ మాట కోసమే ఎదురుచూసేవారని అమ్మాయి చెప్పింది. ఊరికే చెప్పలేదు, ఆ మాటను నా గొంతుతోనే ఫోను మోతగా పెట్టుకుంది.

ఒకరోజు వీడియో కింద ఎవరో రాశారు: బాబాయ్ ముఖం ఎడమ అద్దానికి అడ్డం వస్తోంది, కుడి పక్క పైకి మార్చండి, అక్కడ ఉట్టి ఆకాశమే కదా.

"నిజమే నాన్నా. నీ మొహం ఆకాశంలో పెడతాను," అంది అమ్మాయి.

"పెట్టు తల్లీ. ఎలాగూ ఒకరోజు అక్కడికే."

"ఆ మాటలు ఇంట్లో వద్దు," అంది మా ఆవిడ దారం కొరుకుతూ.

ఆ రోజు ఆట బాగా సాగింది. ఒకసారి ధబ్ మంది, ఒకసారి నా తప్పేముందన్నాను, అంతే. ఆట అయ్యాక కుర్చీలు వెనక్కి జరుపుకుని ఇద్దరం రికార్డింగు పెట్టుకుని చూస్తున్నాం. బస్సు స్టాపు దగ్గరికి వస్తోంది. ఎడమ అంచు వెంబడి ఒక సైకిలు. దాని మీద పచ్చ చొక్కా మనిషి. బస్సు మెల్లగా, ఎంతో మర్యాదగా, సూచిక వేసుకుని మరీ, అతని మీదికి జరిగింది. అతను సైకిలుతో సహా పక్కకు పడ్డాడు. ధబ్. ఆకాశంలోంచి నా ముఖం అడిగింది: "నా తప్పేముందయ్యా?"

అమ్మాయి పగలబడి నవ్వింది. నేను నవ్వలేదు.

"ఈ సైకిలు ఎక్కడిది?" అన్నాను.

"ఎక్కడిదేంటి? రోడ్డు మీదే ఉంది."

"నేను ఆడేటప్పుడు లేదు."

"చూసుకోలేదేమో."

"చూసుకోకపోవడం వేరు, లేకపోవడం వేరు. అక్కడ రోడ్డు ఉంది. ఖాళీ రోడ్డు. నేను చూశాను."

అమ్మాయి నా ముఖం వంక చూసింది. బొమ్మ దీపం దగ్గర కూడా ఆగే మనిషి అబద్ధం చెప్పడని దాని నమ్మకం. ఆ నమ్మకమే మమ్మల్ని తప్పు దారి పట్టించింది. "నువ్వు లేదంటే లేనట్టే," అంది. "మొహం జరిపాకే కదా ఈ గోల. రికార్డరు పాత వీడియో ముక్కలేవో కలిపేస్తున్నట్టుంది."

మర్నాడు మళ్ళీ రికార్డు చేసింది. ఈసారి స్టాపు దగ్గర ఒక చెత్తకుండీ పడిపోయింది. అదీ నేను చూడలేదు. సాఫ్ట్‌వేరు తీసేసి మళ్ళీ పెట్టింది. తీగలు మార్చింది. చివరికి విసిగిపోయి నా ముఖాన్ని తిరిగి ఎడమ మూలకు జరిపింది. ఆ రికార్డింగులో సైకిలు లేదు, చెత్తకుండీ లేదు, ఏదీ లేదు. ధబ్ చప్పుళ్ళు మాత్రం ఉన్నాయి; అవి ఎప్పుడూ ఉన్నవే.

"కుదిరింది నాన్నా! సెట్టింగు తప్పు. ఇంక దాన్ని కదపకూడదు."

ఆ సాయంత్రం ఇద్దరం గెలిచినవాళ్ళలా టీ తాగాం. ఇప్పుడు తలుచుకుంటే ఆ టీ రుచి కూడా గుర్తుంది. ఒక ప్రశ్న ఉంది, దాని మీద నా ముఖం పెట్టాం, ప్రశ్న పోయింది.

ఆ వారంలోనే ఒకరోజు షిఫ్టు దిగి తాళం ఇవ్వబోతుంటే డిపోలో మెకానిక్కు పిలిచాడు. నాకంటే చిన్నవాడు, నోటికి అడ్డూ ఆపూ లేనివాడు.

"అన్నా, ఇలా రా. ఏ గోడకి ముద్దు పెట్టొచ్చావు?"

బస్సు ఎడమ పక్క, తలుపు కింద రేకు మీద, జానెడు గీత. కొత్తది.

"నేను కాదు. తగిలితే తెలీదా నాకు?"

"పొద్దున బండి నీకిచ్చేటప్పుడు నేనే తుడిచాను. అప్పుడు లేదు." గీతలోంచి గోటితో ఒక పెచ్చు లాగి అరచేతిలో పెట్టాడు. "పసుపు. మార్కెట్టు మలుపులో ఇనప స్తంభానికి మొన్నే వేశారు చూడు, ఆ రంగు."

నా తప్పేముంది అనే మాట నాలుక చివరిదాకా వచ్చింది. ఆగింది.

ఇంటికి మార్కెట్టు మీదుగా నడిచి వెళ్ళాను. ఆ మలుపు నాకు కంఠతా వచ్చు. కళ్ళు మూసుకుంటే అక్కడి పండ్ల బండి, ఎదురుగా మందుల దుకాణం, కుడి పక్క వాలు, అన్నీ వస్తాయి. ఎడమ పక్క ఖాళీ రోడ్డు వస్తుంది. వెళ్ళి చూస్తే ఆ ఖాళీలో పసుపు స్తంభం నిలబడి ఉంది. దాని మీద మా బస్సు నీలం రంగు చార. నా నడుము ఎత్తున ఉంది. స్తంభం కాబట్టి నిలబడి ఉంది. ఆ ఎత్తుండే మనుషులు ఉంటారు. స్కూళ్ళు తెరిస్తే ఆ మలుపు నిండా వాళ్ళే.

ఇంట్లో అమ్మాయి లేదు. మా ఆవిడ మిషను దగ్గర ఉంది. కంప్యూటరు తెరిచాను. అమ్మాయి చేస్తుండగా చూసిందే. ముఖం చదరాన్ని పూర్తిగా తీసేసి రికార్డు నొక్కాను. మామూలుగా ఆడాను, ఒక్కటి తప్ప: ఎడమ వైపు ఏది కనిపిస్తే దాన్ని పైకి చెప్పుకుంటూ నడిపాను.

"చెట్టు. ఇంకో చెట్టు. గోడ. ఆగి ఉన్న కారు. ఎవరూ లేరు. ఎవరూ లేరు. చెట్టు."

"ఎవరితోనండీ?" అంది మా ఆవిడ.

"ఎవరితోనూ కాదు."

ఆట ఆపి, రికార్డింగు మొదటికి తిప్పి, చేతులు ఒళ్ళో పెట్టుకుని చూశాను. నా గొంతు చెట్టు అన్నప్పుడు చెట్టు ఉంది. గోడ అన్నప్పుడు గోడ ఉంది. దూరంగా, పైన, ఎదురుగా ఉన్నవన్నీ చెప్పాను. బస్సుకు దగ్గరగా, కింద, అంచు వెంబడి జరుగుతున్నవి ఒక్కటీ చెప్పలేదు. మా ఆవిడ ఎప్పుడు మిషను ఆపి వచ్చి నా వెనక నిలబడిందో తెలియదు.

తెర మీద నా గొంతు అంది: "ఎవరూ లేరు."

"అదేంటండీ," అంది మా ఆవిడ. "గొడుగు పట్టుకుని ఒకావిడ నిలువెత్తున నిలబడి ఉంటే ఎవరూ లేరంటారు?"

నేను బొమ్మ ఆపాను. తల ఎడమకు తిప్పి, ఆ గొడుగును చూశాను. ఎర్ర గొడుగు. ఎవరికైనా కనిపించి తీరవలసినంత ఎరుపు.

చూపు పోతే అక్కడ చీకటి ఉంటుందనుకుంటాం. మరకో, మసకో, ఏదో ఒక గుర్తు ఉంటుందనుకుంటాం. నాకు అక్కడ ఏ లోటూ లేదు. రోడ్డు ఉంది, ఎండ ఉంది, ఖాళీ ఉంది. ఒక చోటు కనిపించడం లేదని తెలియాలంటే ఆ చోటు కనిపించాలి. నాలో ఆ పని చేయగలిగింది ఏదీ మిగలలేదు. చేసింది ఆ రికార్డరు. దానికి నా మీద నమ్మకం లేదు, అభిమానం లేదు. అందుకే ఉన్నది ఉన్నట్టు పట్టింది.

మా ఆవిడ స్టూలు లాక్కుని పక్కన కూర్చుంది. అంతా చెప్పాను. స్తంభం సంగతి కూడా.

తెర మీద ఆగి ఉన్న ఆ గొడుగు వంకే చూసింది. తరవాత, "మొన్నే కదా డిపోలో కంటి పరీక్ష చేశారు. బాగున్నాయని రాసిచ్చారు కదా," అంది.

"రాసిచ్చారు."

"మరి? వాళ్ళకంటే ఈ ఆట ఎక్కువా? పిల్ల ఇంకా ఏ కాలేజీలో చేరాలో తెలీదు. మీరు వెళ్ళి నాకు కనిపించడం లేదంటే, ఆ మాట మళ్ళీ వెనక్కి తీసుకోగలరా?"

"తీసుకోలేను."

"అయితే మెల్లిగా నడపండి. తల తిప్పి చూసుకుంటూ నడపండి."

"తిప్పాలని గుర్తుండాలి కదా. అక్కడ ఖాళీగా ఉన్నట్టే ఉంటుంది. ఖాళీని చూడ్డానికి ఎవరు తల తిప్పుతారు?"

ఆమె కళ్ళు తుడుచుకోలేదు. లేచి మిషను దగ్గరికి వెళ్ళింది. కుట్టలేదు. సూది కింద గుడ్డ అలాగే ఉంది. కాసేపటికి, "ఆ మలుపులోనే కదా నేను కూరలకు వెళ్ళేది," అంది, నాతో కాదన్నట్టు.

పొద్దున్న డిపోకు వెళ్ళాను. అలవాటు కొద్దీ యూనిఫారం వేసుకునే వెళ్ళాను. కంట్రోలరు డ్యూటీ చార్టు మీద వంగి ఉన్నాడు. ఎవరికి ఏ బండి, ఏ రూటు అన్నది ఆయన చేతిలో ఉంటుంది. తల ఎత్తకుండానే నా బండి తాళం ముందుకు తోశాడు.

"ఇవాళ బండి ఎక్కను సార్."

"జ్వరమా?"

"కాదు. ఎడమ పక్క కనిపించడం లేదు."

ఆయన నవ్వాడు. "నీకా? మొన్న బోర్డు మీద అక్షరాలన్నీ గడగడా చదివింది నువ్వే కదయ్యా. నీ వెనకవాడు నీది విని అప్పజెప్పాడని డాక్టరు వాణ్ణి తిట్టాడు కూడా."

"అక్షరాలు ఎదురుగా ఉంటాయి సార్."

నవ్వు ఆగింది. కిటికీలోంచి బయటకు చూశాడు. ఆవరణలో నా బస్సు సిద్ధంగా ఉంది. జనం ఎక్కుతున్నారు. "సగం మంది సెలవులో ఉన్నారు. ఇవాళ్టికి నడుపు. రేపు వెళ్ళి చూపించుకో."

ఇవాళ్టికి అన్న మాట ఎంత చిన్నది. అందులో ఒక్క ట్రిప్పు ఉంది, ఒక్క మలుపు ఉంది. నేను కదలలేదు.

ఆయన కుర్చీలో వెనక్కి వాలి గొంతు తగ్గించాడు. "చూడు. నువ్వు ఈ మాట అన్నాక నేను నీకు బండి ఇవ్వలేను. ఇవాళే కాదు, మళ్ళీ ఎప్పుడైనా. నువ్వు అనలేదనుకుంటాను. బయటికెళ్ళి ఓ టీ తాగి రా. వచ్చాక తాళం ఇక్కడే ఉంటుంది."

ఆయన మంచివాడు. అది నిజంగా ఒక తలుపు తెరిచి పట్టుకోవడమే. టీ కొట్టు డిపో గేటు పక్కనే ఉంది. అక్కడిదాకా వెళ్ళి వస్తే చాలు.

"అన్నాను సార్," అన్నాను.

తాళం ఆయన వైపు తోశాను. చప్పుడు కాకుండా తోద్దామనుకున్నాను. అయింది.

కంటి ఆసుపత్రికి అమ్మాయి తోడు వచ్చింది. డాక్టరు కంట్లో ఒత్తిడి చూసి, లోపలికి దీపం వేసి చూసి, ఇంకో పరీక్షకు పంపింది. చీకటి గది. తెల్లటి పెద్ద గిన్నె లాంటి యంత్రం. గడ్డం ఒక అంచు మీద ఆనించి, ఒక కన్ను మూసి, మధ్యలో ఉన్న చుక్కనే చూడాలి. చుట్టూ ఎక్కడో ఒక చోట చిన్న వెలుగు వచ్చి పోతుంది. కనిపించినప్పుడల్లా చేతిలోని మీట నొక్కాలి.

"కంగారేం లేదు నాన్నగారూ, పిల్లల ఆటలాంటిదే," అంది నర్సు.

వెలుగు వచ్చింది, నొక్కాను. వచ్చింది, నొక్కాను. తరవాత ఏమీ రాలేదు. బొటనవేలు మీట మీద బిగుసుకుని ఉంది. వెలుగు నిజంగా రావడం లేదా, వస్తున్నా నాకు రావడం లేదా? యంత్రం లోపల ఏదో సన్నగా కదిలిన చప్పుడు వినిపించింది. అంటే ఏదో జరుగుతోంది. జరుగుతున్న చోట నేను లేను. ఊహించి నొక్కుదామా అనిపించింది. పరీక్షలో ఖాళీ వదలకూడదని మా అమ్మాయికి ఎన్నిసార్లు చెప్పానో. చెమట కనురెప్ప మీదికి జారింది. నొక్కలేదు. చూడనిదాన్ని చూశానని ఆ మీటతో చెప్పలేకపోయాను. చుక్కనే చూస్తూ, ఆ ఖాళీలో అలా కూర్చున్నాను.

నీటికాసులు అని చెప్పింది డాక్టరు. లోపలి ఒత్తిడికి కంటి నరం కొద్దికొద్దిగా ఎండిపోతుందట. "నొప్పి ఉండదు కాబట్టి ఎవరూ రారు. మీరెలా వచ్చారో నాకు ఆశ్చర్యంగా ఉంది. పోయిన చూపు తిరిగి రాదు. ఉన్నది మాత్రం చుక్కల మందుతో కాపాడుకోవచ్చు, మానకుండా వేసుకుంటే."

"మరి నాకు అక్కడ నల్లగా ఎందుకు లేదమ్మా? రోడ్డు కనిపిస్తుంది కదా."

"మెదడు ఊరుకోదు. పక్కనున్న రోడ్డులోంచే కాస్త ముక్క తీసి అక్కడ అతుకు వేస్తుంది. మీకు కుట్టు కూడా కనిపించదు."

"బండి?"

ఆమె నా చొక్కా వంక చూసింది. యూనిఫారం కాదు; అయినా ఆ చూపు అక్కడే ఆగింది. "నడపకూడదు," అంది.

పరీక్ష కాగితాలు అమ్మాయి చేతికి ఇచ్చింది. ఒక్కో కంటికి ఒక్కోటి, మూడోది రెండూ కలిపి. కనిపించే చోటు తెలుపు, కనిపించని చోటు నలుపు. ఆసుపత్రి మెట్ల మీద అమ్మాయి ఆ మూడో కాగితం పట్టుకుని ఆగిపోయింది. తెలుపు నడుమ, ఎడమ వైపు అడుగు మూలలో నల్లటి మచ్చ. దాని అంచు మీద వేలితో మెల్లగా చదరం గీసింది. అది ఎన్నోసార్లు కొలిచి జరిపిన చదరం. దాని కొలతలు ఆ వేలికి తెలుసు.

"నీ మొహం పెట్టిన చోటే నాన్నా," అంది. "వేసవంతా నేనే అక్కడ పెట్టాను."

"పెట్టావు కాబట్టే తీయగలిగావు."

అమ్మాయి కాగితం మడిచి సంచిలో పెట్టింది. అప్పుడే ఎవరో ఫోను చేశారు. దాని సంచిలోంచి నా గొంతు గట్టిగా అడిగింది, నా తప్పేముందయ్యా అని. మెట్లు దిగుతున్నవాళ్ళు వెనక్కి తిరిగి చూశారు. అమ్మాయి ఫోను నోరు నొక్కడానికి సంచి అంతా వెతుకుతుంటే నాకు నవ్వు వచ్చింది. ఆ వారంలో అదే మొదటిసారి. అమ్మాయీ నవ్వింది, కళ్ళ నిండా నీళ్ళతో.

ఇంటికి బస్సులో వెళ్ళాం. నడుపుతున్నవాడు నాకు తెలిసినవాడే. అద్దంలో నన్ను చూసి చెయ్యెత్తాడు. ప్రయాణికుడిగా ఎక్కడ కూర్చోవాలో తెలియక ఒక క్షణం నడిమధ్య నిలబడిపోయాను. తరవాత కుడి పక్క కిటికీ దగ్గర కూర్చున్నాను. అమ్మాయి, నేను చెప్పకుండానే, నా ఎడమ పక్కన కూర్చుంది.

బస్సు కదిలింది. మార్కెట్టు మలుపు వస్తుంటే నా కాలు తనంతట తాను బ్రేకు కోసం నేలను తొక్కింది. బస్సు తిరిగింది. నేరుగా ముందుకు చూస్తే నా పక్కన ఎవరూ లేరు, ఎండ పడిన ఖాళీ సీటు ఉంది. మోచేతికి మాత్రం అమ్మాయి భుజం తగులుతోంది.

తల తిప్పాను. ఉంది.